నాయన నోట మిగిలిన దుడ్లు

నంద్యాలలో నేను ఇంగ్లీషు చెప్పేది ఒక మేడ మీది పొడవాటి గదిలో. కింద మందుల షాపు, పక్కన జిరాక్సు సెంటరు. నా దగ్గరికి వచ్చేవాళ్లు చాలావరకు నర్సులే. ఇక్కడి ఆసుపత్రుల్లో కొన్నేళ్లు పనిచేసి, బ్రిటన్‌లో ఉద్యోగం కోసం పరీక్ష రాసే ఆడపిల్లలు. నొప్పి ఎలా ఉందని రోగిని అడగడం, మందు వికటిస్తే డాక్టరుకు ఫోన్లో చెప్పడం, మనిషి పోయాడన్న సంగతి ఇంటివాళ్లకు మెల్లగా చెప్పడం, ఇవన్నీ ఆ భాషలో వాళ్లకు నేర్పిస్తాను. నేను మాత్రం ఆ దేశం ఎన్నడూ చూడలేదు.

అలా నా దగ్గర చదువుకుని వెళ్లిన పాణ్యం పిల్ల ఒకతె ఓ మధ్యాహ్నం ఫోన్ చేసి ఏడ్చింది.

"మేడం, నేనొక తాతను పిచ్చోన్ని చేసి పెట్టినా మేడం."

జరిగింది ఇది. ఆమె వార్డులో తుంటి ఎముక ఆపరేషన్ అయిన ఒక ముసలాయన ఉన్నాడు. పొద్దున్నే ఈమెను పిలిచి, తన మంకీ కనపడటం లేదన్నాడు. ఏ కోతి అని ఈమె అడిగింది. నా దగ్గరున్నదే, నిన్నటిదాకా తలగడ కింద ఉంది, ఎవరో ఎత్తుకుపోయారు అన్నాడాయన. ఆపరేషన్ తర్వాత పెద్దవాళ్లకు కొన్నాళ్లు మతి చెదరడం ఉంటుంది కాబట్టి, ఈమె పైనర్సుకు చెప్పింది. ఆ పూట పైనున్నది కూడా వేరే దేశం నుంచి వచ్చిన మనిషే. ఆమె డాక్టరుకు చెప్పింది. ఇది ఏ సంవత్సరం, ఇది ఏ ఊరు అని ముసలాయన్ను అడగడం మొదలుపెట్టారు. ఆయనకు కోపం వచ్చింది. ఆ కోపం చూసి వీళ్ల అనుమానం గట్టిపడింది. సాయంత్రం ఆయన కూతురు వచ్చాకగానీ సంగతి తేలలేదు. అక్కడి బజారు మాటల్లో మంకీ అంటే ఐదువందల పౌండ్లట. ఆయన దాచుకున్న కవరు పరుపు కిందికి జారిపోయి ఉంది. వార్డులో అందరూ నవ్వారు, ముసలాయన తప్ప.

"గోడ తట్టు తిరిగి పండుకున్నాడు మేడం. నేనెన్ని సార్లు సారీ చెప్పినా సూళ్లేదు. నా చేత్తో ఇచ్చే మాత్ర గూడా తీసుకోల్యా."

ఆ పిల్ల నన్ను ఏమీ అనలేదు. కానీ ఆ మాట నేను ఎప్పుడూ చెప్పలేదన్నది నిజం. నాకే తెలియదు. ఆ వారమంతా కూర్చుని, అక్కడి జనం డబ్బుకు వాడే బజారు మాటలన్నీ పోగుచేశాను. ఆదివారం క్లాసులో అవే చెప్పాను.

క్విడ్ అంటే ఒక పౌండు. ఆ మాట ఎక్కడినుంచి వచ్చిందో గట్టిగా ఎవరూ చెప్పలేరు. లాటిన్‌లో క్విడ్ అంటే 'ఏమిటి' అని అర్థం, అదే మూలమని కొందరి ఊహ. ఈ మాట చెప్పగానే వెనక బెంచీలో ఒకమ్మాయి, "అంటే ఆడ అంగట్లో పది ఏందులు ఇయ్యమంటారా మేడం?" అంది. గదంతా నవ్వు. పోనీ అంటే ఇరవై ఐదు పౌండ్లు. మంకీ సంగతి అడిగితే, మన దేశంలో పనిచేసిపోయిన తెల్ల సిపాయిలు ఆ మాట పట్టుకుపోయారని, అప్పటి ఐదువందల నోటు మీద కోతి బొమ్మ ఉండేదని ఒక కథ ప్రచారంలో ఉంది. పిల్లలకు ఆ కథ బాగా నచ్చింది. అయితే అలాంటి నోటు ఉన్నట్టు ఆధారమే లేదట. వాంగా అనే మాట మాత్రం నాకు నిద్ర లేకుండా చేసింది. అది యూరప్‌లోని సంచారజాతి రోమానీ వాళ్ల మాట అంటారు, వాళ్ల భాషలో బొగ్గు అని అర్థం. వాళ్ల పూర్వీకులు ఎన్నో వందల ఏళ్ల కింద మన దేశంనుంచి కదిలిపోయినవాళ్లు. మన అంగారమే అక్కడ అలా మారి, డబ్బు అయి కూర్చుంది.

మన మాటల దగ్గరికి కూడా వచ్చాం. డబ్బు అన్నది ఒకప్పుడు ఒక చిన్న రాగినాణెం పేరు. దుడ్లు అనేది కన్నడం నుంచి మనకు వచ్చింది. దాని వెనక డచ్చివాళ్ల నాణెం పేరు ఉందని కొందరు, కాదు, అది కన్నడం సొంతమేనని కొందరు.

"మా నాయన డబ్బులు అనడు," అని వాళ్లకు చెప్పాను. "ఆయనకు అది కోస్తావాళ్ల మాట. ఆయన నోట ఎప్పుడూ దుడ్లే."

మా నాయన ఆళ్లగడ్డలో ఉంటాడు. నల్లరేగడి చేన్లో శనగ, జొన్న వేసే రైతు. అరవై దాటినా చేన్లో పని మానలేదు. మాటకారి. టీ అంగడి దగ్గర నిలబడి, నిన్న సంతలో ఎద్దు కొన్నవాడు ఎలా మాట్లాడాడో, అమ్మినవాడు ఎలా మాట్లాడాడో ఇద్దరి గొంతులతో చెప్పేవాడు. వినేవాళ్లకు టీ చల్లారిపోయేది. అంత మాటకారికి డబ్బు దగ్గర పెట్టుకోవడం మాత్రం చేతకాదు. పంట డబ్బు వచ్చిన రోజే అమ్మ చేతిలో పోసేవాడు. మళ్లీ పొద్దున్నే బయటికి పోతూ గడపలో నిలబడి, "ఏమే, దుడ్లీ" అనేవాడు. అమ్మ కొంగు ముడి విప్పి, ఏంటికి, ఎంత అని ఆరా తీసి ఇచ్చేది. మా ఇంట్లో తెల్లారేది ఆ మాటతోనే.

ఆ క్లాసు అయిన కొన్నాళ్లకే తమ్ముడు ఫోన్ చేశాడు. వాడికి ఆళ్లగడ్డలోనే మోటార్లు బాగుచేసే షాపు ఉంది, అమ్మానాయనలు వాడి దగ్గరే ఉంటారు.

"అక్కా, నాయనకు మూతి పక్కకు పోయింది. కుడిచెయ్యి లేస్తాలేదు. అంబులెన్సులో నంద్యాలకే తెస్తాండాం. నువ్వు ఆస్పత్రి కాడికి రా."

మెదడులో ఎడమపక్క రక్తం గడ్డ కట్టిందని డాక్టర్లు చెప్పారు. ప్రాణానికి భయం లేదన్నారు. లోపలికి వెళ్లేసరికి నాయన కళ్లు తెరిచే ఉన్నాడు. నన్ను గుర్తుపట్టాడు. పెదాలు కూడదీసుకుని, చాలా కష్టపడి ఒక మాట అన్నాడు.

"దుడ్లు."

ఆసుపత్రి ఖర్చు గురించి దిగులు పడుతున్నాడనుకున్నాను. "అవన్నీ తమ్ముడూ నేనూ సూసుకుంటాం లే నాయనా. నువ్వు ఆ బెంగ పెట్టుకోవాకు," అన్నాను. ఆయన తల అడ్డంగా ఊపాడు. మళ్లీ "దుడ్లు, దుడ్లు" అన్నాడు. కళ్లల్లో నీళ్లు తిరిగాయి. అమ్మ నీళ్ల గ్లాసు నోటికి అందిస్తే గటగటా తాగాడు. తాగి, గ్లాసు వైపు చూస్తూ, తృప్తిగా అన్నాడు, "దుడ్లు."

ఒకటి రెండు రోజుల్లో మాకు అర్థమైంది. ఆయనకు ఆ ఒక్క మాటే మిగిలింది. ఆకలికీ అదే, నొప్పికీ అదే, మనవడిని పిలవడానికీ అదే.

మాట నేర్పించే అమ్మాయి ఒకామె వారానికి రెండుసార్లు ఆసుపత్రికి వచ్చేది. నా విద్యార్థుల వయసే ఉంటుంది. నాయనతో పాటు ఒకటి, రెండు, మూడు అని లెక్కపెడితే ఆమె గొంతు వెంట కొంతదూరం వచ్చాడు. ఆమె ఆగగానే ఆగిపోయి, "దుడ్లు" అన్నాడు.

"ఆయన లోపల మాట సరిగానే ఉంటుందండీ," అని మాకు చెప్పింది. "నీళ్లు అని అడిగాననే అనుకుంటారు. బయటికి మాత్రం ఇదే వస్తుంది. ఆయన డబ్బు అడగట్లేదు."

"మరి ఈ మాటే ఎందుకు మిగిలింది?" అన్నాను.

"తెలీదండీ. ఒక్కొక్కరికి ఒక్కొక్కటి. కొందరికి తిట్టు మిగులుతుంది, కొందరికి దేవుడి పేరు. భార్య పేరు ఒక్కటే మిగిలినవాళ్లు కూడా ఉంటారు."

ఆ చివరి మాట ఆమె అనకపోయి ఉంటే బాగుండేది. అమ్మ పక్కనే ఉంది. వరండాలోకి పోయి బల్ల మీద కూర్చుంది. నేను వెళ్లి పక్కన కూర్చుంటే, కొంగు ముడి తడుముకుంటూ అంది.

"ఇన్నేండ్లు వండి పెట్టినా, చాకిరీ చేసినా. అన్నీ పోయి దుడ్లు మిగిలినాయంటనే ఆయప్పకు."

"అది ఆయన ఏరుకున్న మాట కాదమ్మా."

"ఏరుకోకుంటే యాడిది? నోట్లోకి ఊరికే వస్తాదా?"

ఆ మాట ఎక్కడినుంచి వచ్చిందో చెప్పబోయాను. కన్నడం, డచ్చివాళ్ల నాణెం, ఏదేదో. అమ్మ నా మొహంలోకి చూసి, "యాడినుంచి వస్తే నాకేందిమే" అంది. నాకూ అప్పటికి కావలసింది ఆ చరిత్ర కాదు. నాయన తలలో ఉన్న లక్ష మాటల్లో ఇదొక్కటే ఎలా ఒడ్డుకు చేరిందో ఎవరైనా చెబుతారేమోనని పుస్తకాలు తిరగేశాను, ఇంటర్నెట్లో వెతికాను. దొరికినవన్నీ వేరేవాళ్ల కథలు.

ఇంటికి పంపించాక అసలు కష్టం మొదలైంది. తమ్ముడి ఇల్లు రోడ్డు వారగా ఉంటుంది. పొద్దున పూట నాయన్ను వాకిట్లో ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టేవాళ్లు. ఎదురుగా పరుపులు కుట్టే ఆయన షాపు. ఆయనా నాయనా చిన్నప్పటినుంచి స్నేహితులు. మేము ఆయన్ను చిన్నాయనా అంటాం. దారిన పోయేవాళ్లలో సగం మంది నాయనకు తెలిసినవాళ్లే. వాళ్లను చూడగానే నాయన ఎడమ చెయ్యి చాచి పిలిచేవాడు. పిలుపు బదులు ఆ మాట వచ్చేది.

చెయ్యి చాచి, దుడ్లు, దుడ్లు అంటున్న మనిషిని చూస్తే ఎవరైనా ఏమనుకుంటారు? తెలిసినవాళ్లు బాధపడి, జేబులోంచి నోటు తీసి ఆ చేతిలో పెట్టి తల వంచుకుని పోయేవాళ్లు. తెలియనివాళ్లు చిల్లర వేసేవాళ్లు. నాయన ఆ నోటును నేలకేసి కొట్టేవాడు. కోపంతో గట్టిగా అరిచేవాడు. ఆ అరుపు కూడా అదే మాట. ఇంకా కావాలంటున్నాడని అనుకునేవాళ్లు.

తమ్ముడు ఒకరోజు షాపునుంచి అన్నానికి వచ్చేసరికి, ఎరువుల అంగడాయన నాయన ఒళ్లో పది రూపాయల బిళ్ల పెట్టిపోతున్నాడు. వాడు అదే రోజు కుర్చీ లోపలికి మార్చాడు. వీధి తలుపు మూశాడు. ఆ వారం నేను వెళ్లేసరికి నాయన వెనకగదిలో, తడిక కట్టిన కిటికీ పక్కన కూర్చుని ఉన్నాడు.

"ఏందిరా ఇది? ఆయన్ను గొడ్డును కట్టేసినట్టు కట్టేస్తావా?"

"నీకేం తెలుసక్కా, నంద్యాలలో ఉంటావు," అన్నాడు వాడు. "ఊర్లో ఏమనుకుంటాండారో నువ్వు ఇనలేదు. కొడుకు తిండి పెట్టక పెద్దాయన్ను వాకిట్లో కూసోబెట్టి అడక్కతినిపిస్తాండాడంట. నా షాపు కాడికొచ్చి అడుగుతాండారు. నాయన చెయ్యి చాపితే ఎవురైనా భూమి ఇచ్చేటోళ్లు ఒకప్పుడు. ఆ చేతిలో చిల్లర పెడ్తాంటే నేను సూడాల్నా?"

అమ్మ వంటింట్లోంచి వాడివైపే మాట్లాడింది. లోపల ఉంటేనే మేలంది.

ఎదురింటి చిన్నాయన ఒప్పుకోలేదు. దూది అంటిన గడ్డంతోనే రోడ్డు దాటి వచ్చి తమ్ముడి మీద అరిచాడు.

"మా అన్నను జైల్లో పెట్టినావు కదరా! గాలి తగలక సస్తాడు."

"నీకేం చిన్నాయనా, పరువు పోయేది నాది."

"పరువంట పరువు! ఆయప్ప నన్ను పిల్చాడు. నాకు తెలుసు, నన్నే పిల్చాడు. ఎవుడన్నా దుడ్లు ఇయ్యబోతే నేను ఆపుతా. నా అంగడి ముందర కూసోబెట్టు."

తమ్ముడు కఠినంగా ఏదో అన్నాడు, మా ఇంటి సంగతి నీకెందుకని. చిన్నాయన టోపీ సర్దుకుని వెనక్కి పోయాడు. తర్వాత చాలా రోజులు ఇటు తొంగి చూడలేదు. ఆ రోజంతా నాయన వెనకగదిలోంచి అరుస్తూనే ఉన్నాడు. ఆ గొంతు విని ఆయన మనసులో ఏముందో పోల్చుకోవడానికి మాకెవరికీ కష్టం కాలేదు. అయినా ఎవరమూ లేవలేదు. నేను బస్సుకు టైమయిందని వచ్చేశాను.

నాకంటే ముందు నాయన మాట విన్నది అమ్మే. ఆ సంగతి ఆమె నాకు ఫోన్లో చెప్పింది.

తమ్ముడు షాపుకు, మరదలు పిల్లాడిని తీసుకుని బడికి పోయారు. అమ్మ వంటింట్లో పాలు పొయ్యి మీద పెట్టి, పెరట్లో బట్టలు ఉతుకుతోంది. లోపలినుంచి నాయన అరవడం మొదలుపెట్టాడు. దుడ్లు, దుడ్లు, దుడ్లు. ఆమెకు విసుగొచ్చింది. "లేవు పో! నా కాడ దుడ్లు లేవు, ఏం లేవు!" అని అక్కడినుంచే అరిచింది. ఆయన ఆపలేదు. గొంతు పెరిగింది. చెయ్యి గోడకేసి బాదుతున్నాడు. కడకు ఆ గొంతులో ఏదో తేడా వినిపించిందట ఆమెకు.

"ముందెన్నడో చేన్లో పాము కనపడితే నన్ను అట్లనే అరిచినాడుమే. అదే గొంతు. అప్పుడు లేచినా."

పొయ్యి పక్కన తీగ మీద ఆరేసిన మసిగుడ్డ అంటుకుని, పైన అటక మీది గోతాలకు మంట పాకుతోంది. పక్కనే గ్యాసు బండ. నాయన కుర్చీ దగ్గరికి వంటిల్లు కనపడుతుంది. అమ్మ బట్టల బకెట్టు నీళ్లే తెచ్చి కుమ్మరించింది. మంట ఆరింది. చేతులు కొంచెం కాలాయి. వెనకగదిలోకి పోయి చూస్తే నాయన కుర్చీలోంచి జారి నేల మీద ఉన్నాడు. చెప్పడానికి వీలుకాక లేవబోయి పడ్డాడు. ఆమె కాలిన చేతులు చూసి చిన్నపిల్లాడిలా ఏడ్చాడట.

"దుడ్లు అన్నాడుమే, నా చేతులు పట్టుకోని. మెత్తగా అన్నాడు. నేను గూడా దుడ్లు అంటి. ఇంకేమంటా?"

ఆ రోజునుంచి ఇంట్లో సంగతి మారింది. అమ్మ మాటను వదిలేసి గొంతు వినడం మొదలుపెట్టింది. సాగదీసి అంటే మజ్జిగ, తెగ్గొట్టి అంటే నడుము నొప్పి, పాటలా అంటే మనవడు బడినుంచి వచ్చాడని. తమ్ముడు తనంతట తనే పోయి చిన్నాయన దగ్గర నిలబడ్డాడు. ఏమన్నాడో నాకు చెప్పలేదు. కుర్చీ పరుపుల అంగడి నీడలోకి మారింది. ఎవరైనా జేబులో చెయ్యి పెడితే, చిన్నాయన కూర్చున్నచోటినుంచే, "అడుగుతాలేదప్పా, పలకరిస్తాండాడు. నువ్వు గూడా పలకరించు" అనేవాడు. కొందరు నిలబడి పలకరించేవాళ్లు. కొందరు ఇబ్బందిగా నవ్వి పోయేవాళ్లు. ఎరువుల అంగడాయన ఆ దారి రావడం మానుకున్నాడు.

నేను వెళ్లినప్పుడల్లా ప్రయత్నించాను కానీ అమ్మకు తెలిసినంత నాకు తెలియలేదు. నాయన నాకు ఏదో పెద్ద సంగతి చెప్పాలని చూసేవాడు. గొంతులు మార్చి, చెయ్యి తిప్పి, పాత అలవాటు ప్రకారం ఇద్దరు మనుషులు మాట్లాడుకుంటున్నట్టు. నేను నవ్వవలసినచోట నవ్వేదాన్ని. తప్పుచోట నవ్వితే ఆయన ఆగిపోయి, నా మొహం చూసి, చెయ్యి దించేసేవాడు. ఆ సంగతి ఏమిటో నాకు ఇప్పటికీ తెలియదు.

అలా కొన్ని నెలలు గడిచాయి. శనగ పీకే రోజుల్లో, పొద్దున్నే, నాయనకు రెండోసారి పక్షవాతం వచ్చింది. మళ్లీ నంద్యాల, మళ్లీ అదే ఆసుపత్రి. ప్రాణం నిలిచింది. ఈసారి ఎడమ చెయ్యి కూడా బరువైంది. మింగడం కష్టమై ముక్కుకు గొట్టం పెట్టారు. ఆ ఒక్క మాట కూడా పోయింది.

అమ్మ నమ్మలేదు. పడక పక్కన కూర్చుని ఆయన చెవి దగ్గర నోరు పెట్టి, ఒకటే అనేది, "దుడ్లు అను. ఒక్కసారి అను. నేనే అడుగుతాండా." మాట నేర్పించే అమ్మాయి వచ్చి కూడా చాలాసేపు కూర్చుంది. పెదవి కదలలేదు. ఆ అమ్మాయి బయటికి వచ్చి, నా చెయ్యి పట్టుకుంది.

"ఆ మాటను తిట్టినా కదమే," అంది అమ్మ ఆ సాయంత్రం. "పోతే బాగుండు అనుకున్నా ఒకపూట. నా పాపిష్టి నోరు."

"నువ్వు అనుకుంటే పోలేదమ్మా."

"నీకెట్ల తెలుసు?"

నాకు తెలియదు. ఆ ఒక్క మాటే ఎందుకు మిగిలిందో తెలియనట్టే, ఎందుకు పోయిందో కూడా తెలియదు. రక్తం, గడ్డ, నరం అని డాక్టరు చెప్పింది నిజమే అయి ఉంటుంది. దానితో మా అమ్మకు పనిలేదు.

ఇప్పుడు నాయన ఆళ్లగడ్డలోనే ఉన్నాడు. ముక్కులో గొట్టం తీసేశారు, జావ స్పూనుతో మింగుతున్నాడు. చిన్నాయన ఆయన కోసం నడుముకు పుండ్లు పడకుండా మెత్తటి దూదితో పరుపు కుట్టి తెచ్చి, మధ్యాహ్నాలు వచ్చి కాళ్లు పడుతున్నాడు. నేను ఆదివారాలు క్లాసు మార్చుకుని బస్సెక్కుతున్నాను. వెళ్లిన ప్రతిసారీ అమ్మ ఏదో ఒకటి మాట్లాడుతూనే ఉంటుంది ఆయనతో. శనగలు ఎంతకు పోయాయి, మనవడికి జ్వరం తగ్గిందా, బోరు మోటారు మళ్లీ ఎందుకు కాలిపోయింది. అడిగి ఆగుతుంది. జవాబుకు ఎంతసేపు పడుతుందో అంతసేపు ఆగి, మళ్లీ తనే అందుకుంటుంది. ఆయన చూపు ఆమె నోటి మీదే ఉంటుంది. ఆమె లేచి వంటింట్లోకి పోతే ఆ చూపు తలుపు దాకా పోయి, అక్కడే నిలబడి ఉంటుంది.